వెతుకులాట మీద షార్ట్ ఫిల్మ్: బెంగళూరు పీజీ గది నుంచి తెర దాకా

బెంగళూరు మారతహళ్లి, బీటీఎం, ఎలక్ట్రానిక్ సిటీ పీజీల్లో (పేయింగ్ గెస్ట్ హాస్టళ్లలో) ఉండే మన పిల్లల్లో చాలామందికి ఏదో ఒక రాత్రి ఒక ప్రశ్న వస్తుంది. ఉద్యోగం ఉంది, నెల తిరిగేసరికి జీతం పడుతోంది, మరి ఈ వెలితి ఏంటి? కొందరు అటు తిరిగి పడుకుంటారు. కొందరికి నిద్ర పట్టదు. గుడి, ధ్యానం క్లాసు, మౌనం, ఆశ్రమం అంటూ ఒక్కొక్కటీ పట్టుకుంటూ వదులుతూ పోతారు. ఆ దారిలో చుట్టూ ఉన్నవాళ్లకి మెల్లగా దూరమవుతారు. ఈ విషయం మీద షార్ట్ ఫిల్మ్ తీయాలని ఎంతోమంది మొదలుపెడతారు, కళ్లు మూసుకుని కూర్చున్న మనిషిని ఎలా తీయాలో తెలియక ఆపేస్తారు.

లోపల జరిగేదాన్ని కెమెరా పట్టుకోలేదు. ఆ మనిషి దినచర్యలో వచ్చిన మార్పును మాత్రం పట్టుకుంటుంది. ఈ మార్గదర్శి అంతా ఆ ఒక్క నమ్మకం మీద నడుస్తుంది. పన్నెండు నుంచి పదిహేను నిమిషాల సినిమా, నలుగురైదుగురు మనుషులు, ఫోన్ గానీ అద్దె కెమెరా గానీ ఉంటే చాలు.

1. ప్రశ్నను ఒక మనిషికి అప్పగించండి

"ఆధ్యాత్మికత" మీద సినిమా తీయలేం. కదిరి నుంచి వచ్చి, మారతహళ్లిలో త్రిబుల్ షేరింగ్ గదిలో ఉంటూ, అమెరికా షిఫ్ట్ చేసే ఇరవై ఏడేళ్ల అబ్బాయి మీద తీయగలం. ఈ వ్యాసమంతా అతన్నే ఉదాహరణగా తీసుకుంటాను. మీ కథలో అమ్మాయి ఉండొచ్చు, రిటైరైన లెక్చరర్ ఉండొచ్చు, కొడుకు దగ్గరికి వచ్చి అపార్ట్‌మెంట్ పదో అంతస్తులో భాష తెలియక ఇరుక్కుపోయిన తల్లి ఉండొచ్చు. ఆ తల్లి కథ నిజానికి ఇంతకంటే బలమైనది, ఇంకా ఎవరూ సరిగ్గా తీయలేదని నా అభిప్రాయం.

మనిషిని ఎంచుకున్నాక మూడు విషయాలు రాసుకోండి. అతనికి ఏం పోయింది? ఎక్కడ వెతుకుతున్నాడు? ఆ వెతుకులాట వల్ల ఎవరికి దూరమవుతున్నాడు? మూడోదానికి ఒక మనిషి పేరు జవాబుగా రావాలి. "సమాజానికి" అని వస్తే కథ ఇంకా దొరకలేదని అర్థం.

పెద్ద దుర్ఘటనతో మొదలుపెట్టకండి. తండ్రి చనిపోయాడు, ప్రేమ విఫలమైంది కాబట్టి వెతకడం మొదలుపెట్టాడు అంటే చూసేవాళ్లకి అతని వెతుకులాట దుఃఖానికి మందులా కనిపిస్తుంది. అన్నీ బాగున్నప్పుడు వచ్చే ప్రశ్నే ఎక్కువ కలవరపెడుతుంది.

2. కొన్ని రోజులు వినండి, తిరగండి

స్క్రిప్ట్ ముట్టుకునే ముందు ఇలాంటి దారిలో ఉన్న ఇద్దరు ముగ్గురితో మాట్లాడండి. "నీకు ఏం అర్థమైంది?" అని అడిగితే ఉపన్యాసం వస్తుంది. "పొద్దున ఎన్నింటికి లేస్తున్నావు? ఏం తినడం మానేశావు? ఎవరి ఫోన్లు ఎత్తడం లేదు?" అని అడిగితే సినిమా వస్తుంది. వాళ్ల అనుమతి లేకుండా వాళ్ల జీవితం వాడుకోవద్దు. అనుమతి ఇచ్చినా ఊరు, కంపెనీ, గుర్తుపట్టే వివరాలు మార్చండి.

బెంగళూరు తెలుగువాళ్లకి దగ్గర్లోనే ఒక గొప్ప ఆధారం ఉంది. చిక్కబళ్లాపుర జిల్లా చింతామణి తాలూకాలోని కైవారం. అక్కడి తాతయ్య, యోగి నారేయణ, తెలుగులోనూ కన్నడలోనూ తత్వాలు చెప్పినవారు. గాజుల మలారం మోసుకుని ఊరూరా అమ్మిన మనిషి. గురువు ఇచ్చిన గులకరాయి నోట్లో పెట్టుకుని, అది కలకండ అయ్యేదాకా గుహలో జపం చేశారని అక్కడివాళ్లు చెప్పుకుంటారు. ఆ కథలో మనకి పనికొచ్చేది రాయి కలకండ కావడం కాదు. ఇంకా కలకండ కాని రాయిని నోట్లో పెట్టుకుని, ఈ రోజైనా అవుతుందా అని కూర్చున్న ఆ కాలం. మన సినిమా ఉండాల్సింది సరిగ్గా అక్కడే.

కోలారు, చిక్కబళ్లాపుర వైపు ఇళ్లలో తెలుగు మాట్లాడేవాళ్లు చాలామంది ఉన్నారు. ఆ పల్లెల్లో ఒక భజన వినడానికి వెళ్లండి. తంబుర, చిడతలు, మధ్యలో ఎవరో దగ్గడం, టీ గ్లాసుల చప్పుడు, అన్నీ కలిసి ఎలా వినిపిస్తాయో గమనించండి. భక్తి అంటే సినిమాల్లో చూపించే పొగ, వెనక నుంచి వచ్చే వెలుగు కాదని అక్కడ తెలుస్తుంది.

3. రెండు దినచర్యలు రాయండి, తేడానే స్క్రిప్ట్

రెండు కాగితాలు తీసుకోండి. ఒకదాని మీద వెతుకులాటకి ముందు అతని ఒక రోజు, గంట గంటకీ. రెండోదాని మీద కొన్ని నెలల తర్వాత అదే రోజు.

మన కదిరి అబ్బాయిది చూద్దాం. ముందు: సాయంత్రం నాలుగున్నరకి లేస్తాడు, రూమ్మేట్‌తో కలిసి కింద టీ కొట్టుకి వెళ్తాడు, క్యాబ్‌లో పాటలు వింటాడు, తెల్లవారుజామున వచ్చి ఫోన్ చూస్తూ పడుకుంటాడు. తర్వాత: మధ్యాహ్నం మూడింటికే లేస్తాడు. గదిలో ఇంకో ఇద్దరు నిద్రపోతుంటారు కాబట్టి టెర్రస్ మీదికి వెళ్తాడు. అక్కడ రెండు సింటెక్స్ ట్యాంకుల మధ్య, మోటారు పైపు పక్కన, ఒక మనిషి పట్టేంత నీడ ఉంది. ఆరేసిన బెడ్‌షీట్ అడ్డం. పాత ఆఫీసు బ్యాగు పరుచుకుని కూర్చుంటాడు. ట్యాంకు నిండి నీళ్లు పొర్లితే లేచి, బ్యాగు పొడిగా ఉన్న వైపు జరుపుకుని మళ్లీ కూర్చుంటాడు. టీ కొట్టు దగ్గర రూమ్మేట్ ఒక్కడే నిలబడి ఉంటాడు.

ఈ తేడాల్లో ప్రతిదీ ఒక సన్నివేశం. ట్యాంకు పొర్లే షాట్‌లో అతని పట్టుదల ఉంది, టీ కొట్టు షాట్‌లో దూరం ఉంది. ఎవరూ ఒక్క మాట కూడా మాట్లాడలేదు.

"ఒక పేజీకి ఒక నిమిషం" లెక్క ఇలాంటి సినిమాకి పనిచేయదు. మాటలు తక్కువ కాబట్టి ఐదు పేజీల స్క్రిప్ట్ పదిహేను నిమిషాలు నడవొచ్చు. ప్రతి సన్నివేశాన్నీ మీరే నటించి, ఫోన్‌లో టైమర్ పెట్టి కొలవండి.

గురువు పాత్ర దగ్గర చాలా జాగ్రత్త కావాలి. మోసగాడిగా చూపిస్తే అది వేరే సినిమా అవుతుంది. మహానుభావుడిగా చూపిస్తే ప్రచారం అవుతుంది. చెప్పుల స్టాండ్ దగ్గరి ముసలాయన హఠాత్తుగా వేదాంతం చెప్పడం కూడా వద్దు, పేదవాళ్ల పని మన హీరోకి జ్ఞానం పంచడం కాదు. పదిహేను నిమిషాల్లో గురువు లేకపోయినా పర్వాలేదు. గొంతు మాత్రమే వినిపించినా చాలు.

4. మాటలు: దాచేవి రాయండి

ఒంటరిగా ఉన్న మనిషి "నేను ఒంటరిని" అనడు. దాన్ని దాచడానికి మాట్లాడతాడు. మన అబ్బాయి అమ్మకి ఫోన్ చేసే ముందు ప్రతిసారీ గదిలోంచి కిందికి, మెస్‌లోకి వస్తాడు. నలుగురి గొంతులు వినబడే చోట, చివరి టేబుల్ దగ్గర కూర్చుని కాల్ కలుపుతాడు.

"తింటివా నాయనా?"

"తింటిని మా."

"ఎవురో మాట్లాడతాండారే?"

"మా వాళ్లే మా. అందరం కలిసే తింటాండాం."

కెమెరా కొంచెం దూరంగా ఉండాలి. పక్క టేబుల్ వాళ్లు ఏదో మ్యాచ్ గురించి అరుస్తుంటారు, వాళ్లలో ఒక్కరూ ఇతని వైపు చూడరు. కాల్ అయ్యాక ఫోన్ బోర్లా పెట్టి, ప్లేటు కడిగే చోటికి నడుస్తాడు. దీనికి వాయిస్ ఓవర్ కలపాలని అనిపిస్తుంది. కలపొద్దు.

సీమ యాసను యాసలాగే ఉంచండి. బెంగళూరులో కలిసేసరికి మన భాష కాస్త అరిగిపోతుంది. ఆఫీసులో ఒకలా, పీజీ అన్నతో ఒకలా, అమ్మతో ఒకలా మాట్లాడతాడు. ఈ మూడూ తేడాగా రాస్తే పాత్ర సగం నిలబడినట్టే. బస్సులో, టీ కొట్టులో కన్నడ రావాలి, పక్క బెడ్ నుంచి హిందీ రావాలి.

ముగింపు గురించి ఇక్కడే తేల్చుకోండి, ఎడిటింగ్‌లో వెతుక్కోవద్దు. గవిపురం గవి గంగాధరేశ్వర ఆలయంలో మకర సంక్రాంతి సాయంత్రం సూర్యకిరణాలు నంది కొమ్ముల మధ్య నుంచి శివలింగం మీద పడతాయి. అద్భుతమైన దృశ్యం. దాంతో సినిమా ముగించాలని ఈ ఊళ్లో ప్రతి దర్శకుడికీ అనిపిస్తుంది. అలా ముగిస్తే అతని ప్రశ్నకి ఆకాశం జవాబు చెప్పినట్టవుతుంది, అప్పటిదాకా మీరు కష్టపడి నిలబెట్టిన ప్రశ్న కూలిపోతుంది. దినచర్యలో ఇంకొక చిన్న మార్పుతో ముగించండి. ఈసారి అతను మెస్‌కి దిగడు. టెర్రస్ మీది నుంచే ఫోన్ చేస్తాడు. "ఎవురూ మాట్లాడ్డం లేదే?" అని అమ్మ అడుగుతుంది. "ఎవురూ లేరు మా. నేనొక్కడ్నే ఉండా" అంటాడు. అమ్మ మొహానికి కట్ చేయకండి.

5. లొకేషన్లు, అనుమతులు

పీజీ ఓనర్‌తో ముందే, నేరుగా మాట్లాడండి. "అన్నా, ఆదివారం మధ్యాహ్నం నుంచి మూడు గంటల సేపు, మూడో ఫ్లోర్ ఖాళీ రూమ్, టెర్రస్. బోర్డు, పేరు ఎక్కడా కనబడవు" అని స్పష్టంగా చెబితే చాలామంది ఒప్పుకుంటారు. ఒప్పుకున్నది వాట్సాప్‌లో రాతపూర్వకంగా తీసుకోండి. ఆ ఫ్లోర్‌లో నైట్ షిఫ్ట్ వాళ్లు ఎవరు నిద్రపోతారో అడిగి, వాళ్లకి కూడా చెప్పండి. ఫ్రేములో మొహం కనబడే ప్రతి మనిషి నుంచి సంతకంతో అంగీకారం ఉండాలి, మెస్ సన్నివేశంలో మరీ ముఖ్యం.

రోడ్ల మీద ట్రైపాడ్ పెట్టి తీయాలంటే పోలీసు అనుమతి, మెట్రో స్టేషన్లలో మెట్రో వాళ్ల అనుమతి కావాలి. కర్ణాటకలో చాలా గుళ్లు ముజరాయి (దేవాదాయ) శాఖ కింద ఉంటాయి. ఆలయ కార్యాలయంలో రాతపూర్వకంగా అడగండి, గర్భగుడి వైపు కెమెరా తిప్పకండి. కైవారంలో తీయాలనుకుంటే మఠం వాళ్లని అడగాలి. అనుమతి రాకపోతే గుడి బయట చెప్పులు విడిచే చోటు చాలు, లోపలిది శబ్దంతో చెప్పొచ్చు.

డ్రోన్ వద్దు. 2021 డ్రోన్ నియమాల ప్రకారం విమానాశ్రయాల చుట్టుపక్కల అనుమతి లేకుండా ఎగరేయకూడదు, మారతహళ్లి పక్కనే హెచ్ఏఎల్ ఎయిర్‌పోర్ట్. పైగా పై నుంచి తీసిన షాట్‌లో మనిషి చీమలా కనబడతాడు తప్ప ఒంటరిగా కనబడడు.

6. నటుడితో పని

"ప్రశాంతంగా ఉండు", "బాధగా చూడు" అని చెప్పకండి. ఒక పని ఇవ్వండి. ఊపిరి ఇరవై దాకా లెక్కపెట్టు, తప్పితే మొదటి నుంచి మొదలుపెట్టు. ఇంతే చెప్పి రెండు మూడు నిమిషాలు కెమెరా ఆపకుండా ఉంచండి. లెక్క తప్పిన క్షణం మొహంలో కనబడుతుంది. మీకు కావాల్సింది అదే.

పాత్ర ఉపవాసం చేస్తుంటే నటుడితో నిజంగా చేయించకండి. నిద్ర లేకుండా షూటింగ్‌కి రమ్మనకండి.

ఇంకొకటి, చాలా ముఖ్యమైనది. అన్నం మానేయడం, నిద్ర పట్టకపోవడం, ఎవరితోనూ మాట్లాడకపోవడం... ఇవి అంతర్ముఖత్వంలోనూ ఉంటాయి, డిప్రెషన్‌లోనూ ఉంటాయి. మీ సినిమా ఆ రెండింటినీ ఒకటిగా చూపి, జబ్బుకి దైవత్వం అంటగట్టకూడదు. స్క్రిప్ట్‌ని ఒక మానసిక వైద్యుడికో కౌన్సెలర్‌కో ఒకసారి చూపించండి. చివరి టైటిల్స్‌లో టెలీ మానస్ నంబర్ 14416 వేయండి. 2022 అక్టోబర్‌లో కేంద్ర ప్రభుత్వం మొదలుపెట్టిన ఉచిత మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ ఇది, దీని వెనక బెంగళూరులోని మన మానసిక ఆరోగ్య సంస్థ నిమ్హాన్స్ ఉంది, తెలుగులోనూ మాట్లాడతారు.

7. కెమెరా

మన దగ్గర కరెంటు 50 హెర్ట్జ్. ట్యూబ్‌లైట్లు, చవక ఎల్ఈడీ బల్బులు సెకనుకి 100 సార్లు మిణుకుతాయి. ఫోన్ మామూలుగా సెకనుకి 30 ఫ్రేములకి సెట్ అయి ఉంటుంది, దాంతో పీజీ గదిలో తీస్తే గోడ మీద చారలు పాకుతాయి. 25 ఫ్రేములు, షట్టర్ 1/50 సెకను పెట్టండి. ఫోన్ యాప్‌లో అది కుదరకపోతే బ్లాక్‌మ్యాజిక్ కెమెరా యాప్ ఉచితంగా దొరుకుతుంది. ఫోకస్, ఎక్స్‌పోజర్, వైట్ బ్యాలెన్స్ మూడూ లాక్ చేయాలి. పగలు బయట 1/50 దగ్గరే ఉండాలంటే లెన్సులోకి వచ్చే వెలుగుని తగ్గించే ఎన్‌డీ ఫిల్టర్ తప్పదు.

వెనకంతా మసకబారే పోర్ట్రెయిట్ షాట్లు వద్దు. ఈ కథలో ఒంటరితనం చుట్టూ ఎవరూ లేకపోవడం వల్ల వచ్చింది కాదు, అందరూ ఉండగా వచ్చింది. వెనకాల మనుషులు స్పష్టంగా కనబడాలి. ఫోన్ 1ఎక్స్ లెన్స్ సరిపోతుంది. ఒకే గదిని మొదట్లో, మధ్యలో, చివర్లో సరిగ్గా ఒకే చోటి నుంచి తీయండి, నేల మీద టేపుతో గుర్తు పెట్టుకోండి. అప్పుడు మంచం మీద వస్తువులు తగ్గడం, రూమ్మేట్ మంచం ఖాళీ కావడం చూసేవాళ్లే కనిపెడతారు.

టెర్రస్ సన్నివేశాలకి సాయంత్రపు వెలుగు కావాలి. బెంగళూరులో సూర్యాస్తమయం ఏడాది పొడుగునా దాదాపు 5:50, 6:50 మధ్యే ఉంటుంది, ఆ తర్వాత వెలుగు చాలా త్వరగా పోతుంది. అరగంట ముందే అన్నీ సిద్ధంగా ఉంచి రిహార్సల్ అయిపోవాలి. నంది కొండల మీద మంచులో నిలబడ్డ హీరో షాట్ మానేయండి, దాన్ని అందరూ ఎన్నోసార్లు చూశారు.

8. శబ్దం: డబ్బు ఇక్కడే పెట్టండి

బడ్జెట్‌లో ఒక్క వస్తువే అద్దెకి తీసుకోగలిగితే మంచి మైకు, రికార్డర్ తీసుకోండి. కెమెరా తర్వాత. 48 కిలోహెర్ట్జ్, 24 బిట్‌లో రికార్డ్ చేయండి. కాలర్ మైకు ఒకటి నటుడికి, రెండో మైకు ఫ్రేము బయట.

ప్రతి లొకేషన్‌లో షూటింగ్ అయ్యాక అందరినీ కదలకుండా నిలబెట్టి ఒక నిమిషం ఖాళీ గది శబ్దం రికార్డ్ చేయండి. ఎడిటింగ్‌లో మాటల మధ్య ఖాళీలు నింపేది అదే. మారతహళ్లి వైపు పగలు హెచ్ఏఎల్ విమానాలు, హెలికాప్టర్లు తిరుగుతుంటాయి. అవి పోయేదాకా ఆగే ఓపికతో షెడ్యూల్ వేసుకోండి.

తర్వాత ఇంకొక రోజు కెమెరా లేకుండా, రికార్డర్‌తో మాత్రమే పీజీకి వెళ్లండి. మెట్ల మీద చెప్పుల చప్పుడు, పక్క గదిలో స్పీకర్ మీద రీల్స్, మోటారు ఆన్ అవడం, గీజర్ టక్కుమనడం, వంటవాళ్ల కుక్కర్ విజిల్, ఎవరో అమ్మాయితో గుసగుసగా ఫోన్. ఇవన్నీ విడివిడిగా తీసుకోండి. గుసగుసలు, మాటలు మాత్రం మీ వాళ్లతో మాట్లాడించి రికార్డ్ చేయాలి, ఎవరి సొంత సంభాషణా దొంగతనంగా పట్టుకోకూడదు.

ఇప్పుడు అసలు పని. సినిమా మొదట్లో పక్క గది మాటలు స్పష్టంగా అర్థమవ్వాలి. మధ్యకి వచ్చేసరికి గొంతులు వినబడాలి, మాటలు అర్థం కాకూడదు. ఇది వాల్యూమ్ తగ్గిస్తే రాదు. హల్లుల స్పష్టత ఎక్కువగా 2 నుంచి 4 కిలోహెర్ట్జ్ మధ్య ఉంటుంది. ఈక్వలైజర్‌లో ఆ భాగాన్ని, ఆపైనున్నదాన్ని సన్నివేశం సన్నివేశానికీ కొద్దికొద్దిగా తగ్గిస్తూ పోండి. గొంతు అంతే ఉంటుంది, మాట కరిగిపోతుంది. చూసేవాళ్లకి కారణం తెలియదు, కానీ ఆ అబ్బాయితో పాటు తామూ గోడ ఇవతల ఉండిపోయినట్టు అనిపిస్తుంది. చివరి ఫోన్ కాల్‌లో అమ్మ గొంతుని పూర్తి స్పష్టతతో వదలండి.

మౌనం చూపించాలంటే సౌండ్ ట్రాక్‌ని సున్నా చేయకండి. హాల్లో కూర్చున్నవాళ్లు స్పీకర్ పోయిందనుకుంటారు. దూరంగా ఒక్క శబ్దం ఉంటేనే దగ్గరి నిశ్శబ్దం తెలుస్తుంది.

9. ఎడిటింగ్, సంగీతం

ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్‌గా డావిన్చీ రిజాల్వ్ ఉచిత వెర్షన్ సరిపోతుంది. మొదటి కూర్పు సంగీతం లేకుండా చేయండి. ఒకసారి శబ్దం ఆపేసి చూడండి, ఒకసారి కళ్లు మూసుకుని వినండి. ఎక్కడ కథ తప్పిపోతుందో రెండుసార్లూ రాసుకోండి. ధ్యానం షాట్ బోర్ కొడుతోందని ఎవరైనా అంటే వెంటనే కత్తిరించకండి, దాని ముందున్న షాట్ చూడండి. సమస్య ఎక్కువగా అక్కడుంటుంది.

సంగీతం నిజంగా కావాలా అని మిమ్మల్ని మీరే మళ్లీ మళ్లీ ప్రశ్నించుకోండి. కావాలనుకుంటే హక్కుల సంగతి తెలుసుకోవాలి. మన చట్టంలో రచయిత చనిపోయాక 60 ఏళ్ల దాకా కాపీరైట్ ఉంటుంది, రికార్డింగుకి అది విడుదలైనప్పటి నుంచి 60 ఏళ్లు. కాబట్టి పాత వాగ్గేయకారుల సాహిత్యం ఎవరైనా వాడుకోవచ్చు, కానీ దానికి ఈ కాలం వాళ్లు కట్టిన బాణీ, పాడిన రికార్డింగు వాడుకోకూడదు. పల్లె భజన బృందం చేత పాడించుకుని, వాళ్లకి డబ్బిచ్చి, సంతకం తీసుకుని, టైటిల్స్‌లో పేర్లు వేయడం అన్నిటికంటే మంచి దారి.

సబ్‌టైటిల్స్ కన్నడ, హిందీ మాటలకి తెలుగులో వేయండి, మొత్తం సినిమాకి ఇంగ్లీషులో విడిగా ఒకటి చేయండి. కొన్ని సాఫ్ట్‌వేర్లలో తెలుగు వత్తులు విడిపోయి కనబడతాయి, ఎక్స్‌పోర్ట్ చేశాక ప్రతి లైనూ చదివి సరిచూడాలి.

10. చూపించడం

మొదటి ప్రదర్శన ఏడెనిమిది మందికి, ఒక గదిలో. అందులో ఇద్దరైనా ఈ విషయం మీద ఆసక్తి లేనివాళ్లు ఉండాలి. "బాగుందా?" అని అడగొద్దు. "అతను మెస్‌కి ఎందుకు దిగుతున్నాడు?" అని అడగండి. సగం మందికి తెలియకపోతే ఆ సన్నివేశం మళ్లీ కోయాలి. మీరు మాటలతో వివరించడం మొదలుపెడితే ఆ ప్రదర్శన వృథా.

బనశంకరిలోని సుచిత్ర ఫిల్మ్ సొసైటీ 1971 నుంచి నడుస్తోంది, అక్కడి ప్రదర్శనలకి వెళ్తూ ఉంటే శ్రద్ధగా చూసేవాళ్లు పరిచయమవుతారు. బెంగళూరు అంతర్జాతీయ షార్ట్ ఫిల్మ్ ఫెస్టివల్ మన ఊళ్లోనే ఉంది, నిబంధనలు చదివి పంపండి. డబ్బు తీసుకుని ప్రతి వారం అవార్డులిచ్చే ఆన్‌లైన్ ఫెస్టివల్స్ జోలికి పోకండి.

థియేటర్లో జనానికి వేయాలంటే 1952 సినిమాటోగ్రాఫ్ చట్టం కింద సెన్సార్ సర్టిఫికెట్ కావాలి, బెంగళూరులోనే ప్రాంతీయ కార్యాలయం ఉంది. యూట్యూబ్‌కి అక్కర్లేదు. ముందే యూట్యూబ్‌లో పబ్లిక్‌గా పెట్టేసిన సినిమాని కొన్ని ఫెస్టివల్స్ తీసుకోవు. అందుకని ఫెస్టివల్స్ నుంచి జవాబులన్నీ వచ్చేదాకా అన్‌లిస్టెడ్ (లింక్ ఉన్నవాళ్లకే కనబడే) లింక్‌తోనే ఉంచండి. తర్వాత పబ్లిక్ చేసే రోజు, పీజీ అన్నకి, మెస్ సన్నివేశంలో కూర్చున్నవాళ్లకి, భజన బృందానికి లింక్ ముందుగా పంపండి.